మేకను అడిగినారు, మమ్మల్ని అడగలేదు

పుష్యమాసం, బహుళ అమావాస్య, శుక్రవారం, పొద్దున తొమ్మిదిన్నర గంటలు. ఈ గంట నేను చెప్పేది కాదు. నూలు ఇనస్పెక్టరు జేబులోంచి గడియారం తీసి, చూసి, తన గుమాస్తాకు గట్టిగా చెప్పి రాయించినాడు. మా వీధి మీద ఆయన రాయించిన కాగితంలో నిజమైన మాట ఆ గంట ఒక్కటే.

మాది ఎర్రగుంట్ల స్టేషనుకు ఒక పూట నడక దూరంలో ఉండే నేతగాళ్ళ వీధి. ఇంటింటికీ మగ్గం గుంత, కాళ్ళు దించి కూర్చొని నేసేది. తెల్లారకముందు మొదలైన మగ్గాల చప్పుడు దీపం పెట్టేదాకా ఆగదు. ఆగేది నెలకొక్క దినం, అమావాస్య. ఆ దినం మేము మగ్గం గుంతలో కాలు పెట్టం. మగ్గాన్ని తుడిచి, బొట్టు పెట్టి, సాంబ్రాణి పొగ వేసి దానికి మొక్కుతాం. ఎవరొచ్చి చెప్పినా నెయ్యం. ఈ సంగతి మా వీధి కుక్కలకు కూడా తెలుసు. ఆ దినం చల్లగా ఉంటుందని గుంతలో దిగి పండుకొంటాయి. సర్కారుకు మాత్రం తెలీదు.

అప్పుడు యుద్ధం నడుస్తా ఉన్నింది. యుద్ధం యాడనో సముద్రాల అవతల, కంట్రోలు మాత్రం మా వీధిలో. బియ్యానికి కంట్రోలు, కిరసనాయిలుకు కంట్రోలు, నూలుకు కంట్రోలు. ఇంటికొక కార్డు ఇచ్చినారు. కార్డు చూపిస్తే నూలు ఇస్తారు. లేకుంటే గుంతలో కూర్చొని ఉత్త చేతులు ఆడించుకోవాల్సిందే.

ఇదంతా నేను అప్పుడు రాసింది కాదు. అప్పటికి నాకు అక్షరం ముక్క రాదు. మగ్గం పని మానుకొని, చూపు మందగించే వయసులో పలక పట్టినా. అందుకే నా రాత కుంటినట్ల ఉంటుంది. ఏం పర్వాలేదు. చక్కగా రాయడం వచ్చినోళ్ళు ఏం రాసినారో కూడా ఈడ చెప్తా, మీరే చూసుకోండి.

అమావాస్య పూట మా వీధికి ఇంకొక పని ఉండేది. నెల పొడుగునా పోగైన తగాదాలన్నీ ఆ దినమే తీర్చేది. మిగతా దినాల్లో ఎవరైనా కొట్లాడుకొంటే "అమావాస్యకు చూద్దాం పో" అనేవాళ్ళు. తిట్టుకునేది ఎప్పుడైనా తిట్టుకోవచ్చు, న్యాయం మాత్రం అమావాస్యకే. మా మామ, అంటే నా మొగుని తండ్రి, వీధికి పెద్దమనిషి. ఆయనే కూర్చొని అందరి మాటా వినేవాడు. వినడమంటే ఆయనకు శానా ఇష్టం. ఇంట్లో మా అత్త మాట తప్ప లోకంలో అందరి మాటా వినేవాడు.

ఆ దినం వచ్చిన ఫిర్యాదు ఇది. ముందు దినం పొద్దన్నే పక్కింటి అవ్వ తన పడుగుకు గంజి పెట్టి వీధిలో సాచి ఆరబెట్టింది. పడుగంటే మగ్గానికి నిలువుగా ఎక్కించే దారాలు. గంజి పట్టిస్తేనే అవి నేతకు ఆగుతాయి. అవ్వ లోపలికి పోయి వచ్చేలోగా ఎవరో ఆ గంజి నాకి, అంచు దారాలు నమిలి తెంపినారు. "ఎవరో" అని నేనంటాండా. అవ్వ మాత్రం రంగుల సాయిబు మేక అనింది.

రంగుల సాయిబు వీధి చివర నూలుకు రంగులు అద్దే మనిషి. మా మామను అన్నా అనేవాడు, నేను ఆయన్ను చిన్నమామా అనేదాన్ని. మాకు నూలు వస్తేనే ఆయన బానలో రంగు కలిసేది. చదువు వచ్చిన మనిషి, ఆ వీధిలో ఆయనొక్కడే.

మా ఇంటి ముందు అరుగు మీద మామ, చుట్టూ మగవాళ్ళు, నడుమ సాయిబు, ఆయన మేక. నేను వసారాలో చాట పట్టుకొని బియ్యంలో రాళ్ళు ఏరుతా వింటా ఉంటి.

"నా మేక కాదన్నా. దానికి గంజి గిట్టదు," అన్నాడు సాయిబు.

"గిట్టదా? మొన్న మా వాకిట్లో కుడితి తొట్టి నాకి పోయిందెవరు మరి, నువ్వా?" అనింది అవ్వ.

"వీధిలో శానా మేకలు ఉండాయి అవ్వా. నా మేకనే ఎందుకు పట్టుకొన్యావు?"

"దాని మొగం చూస్తేనే తెలుస్తాది, దొంగ మొగం."

మామ చెయ్యెత్తినాడు. "మొగం చూసి తప్పు కట్టేదుంటే అవ్వా, ఈ వీధిలో ముందు నన్ను కట్టెయ్యాల. నువ్వు చూసినావా అది తింటాంటే?"

"చూడల్యా. లోపల రాట్నం కాడ ఉంటి."

"చూసినోళ్ళు ఎవరన్నా ఉండారా?"

ఎవరూ లేరు.

"అయితే దాని నోరు చూద్దాం. గంజి పోతాది గానీ దారం పళ్ళలో చిక్కుకొని ఉంటాది. పట్టుకోండప్పా," అన్నాడు మామ.

ఇద్దరు మేకను పట్టుకొన్యారు. మామ కిందికి దిగి, దాని దవడ పట్టి నోరు తెరిచి, తల వంచి లోపలికి చూస్తాండాడు. సరిగ్గా అప్పుడు వీధి మొగదలలో జట్కా ఆగింది.

ఇనస్పెక్టరు దిగినాడు. వెనక గుమాస్తా, ముందు తలారి. తలారికి మా అమావాస్య సంగతి బాగా తెలుసు, కానీ దొర అడగంది చెప్తే ఉద్యోగం పోతుందని వాని భయం. ఇనస్పెక్టరు గడియారం చూసి గంట రాయించినాడు. తర్వాత ఒక్కొక్క ఇంట్లోకి తొంగి చూసుకుంటా వచ్చినాడు. మగ్గం ఖాళీ. పక్కింట్లో మగ్గం ఖాళీ. ఆ పక్కింట్లో మగ్గం గుంతలో కుక్క. దాన్ని చూసి కర్ర ఆడించినాడు, అది కదల్లేదు. కుక్కకు ఉన్నపాటి ధైర్యం మా తలారికి ఉన్నింటే ఈ కథే లేదు.

మా అరుగు కాడికి వచ్చి నిలబడినాడు. మామ తలెత్తి చూసి, మేక దవడ వదలకుండానే దండం పెట్టినాడు.

"రండి సామీ, కూర్చోండి. ఏయ్, లోపల్నించి మజ్జిగ తీసుకురా. ఈ మేక మాట తేల్చి వస్తా, ఒక్క నిమిషం."

మీరు తిట్టుకోండి, నేను కూడా తిట్టినా. సర్కారు మనిషి నిలబడి ఉంటే మేక నోట్లో వెతుక్కుంటా ఉంటారా? కానీ మా వీధిలో అదొక కట్టు. పంచాయితీ మొదలైతే తీర్పు అయ్యేదాకా పెద్దమనిషి లేచేది లేదు. ఇంట్లో పీనుగ లేచినా లేచేది లేదు. మామకు ఇనస్పెక్టరూ మనిషే, సాయిబూ మనిషే. ముందొచ్చింది సాయిబు కాబట్టి ముందు సాయిబు.

ఇనస్పెక్టరు మజ్జిగ ముట్టలేదు. మేకను చూసినాడు, చుట్టూ కూర్చున్న మగవాళ్ళను చూసినాడు, గుమాస్తాకు ఇంగ్లీషులో ఏందో చెప్పినాడు, వాడు గీకినాడు. మమ్మల్ని ఒక్క మాట అడగలేదు. జట్కా ఎక్కి పోయినాడు. నా చేతిలో మజ్జిగ చెంబు అట్లనే ఉండె.

మేక నోట్లో దారం దొరకలేదు. వేపాకు దొరికింది. "సాక్షం లేదు, మేకను వదిలెయ్యండి. అవ్వ పడుగును వీధంతా చెయ్యి వేసి ముడులు వేసియ్యాల," అన్నాడు మామ. అవ్వ గొణిగింది, కానీ ఒప్పుకొనింది. మేక తన పాటికి తాను వేపచెట్టు కాడికి పోయింది.

వారం తిరక్కుండా తలారి వచ్చి ఇంటింటికీ తిరిగి నూలు కార్డులు పట్టుకొని పోయినాడు. ఎందుకంటే తెలీదన్నాడు. చావడి గోడకు కాగితం అంటించినారు. వీధంతా పోయి దాని ముందు నిలబడినాం. సాయిబు కండ్లద్దాలు పెట్టుకొని చదివినాడు.

"పై గ్రామమందు మగ్గములు నడువకుండుట స్వయముగా చూచి, తగు విచారణ జరిపి, సదరు నేతపనివారు సర్కారు నూలును అన్యాక్రాంతము చేసి, ఆ సొమ్ముతో మేకను కొని వధింప సిద్ధముగా నున్నట్లు రుజువైనందున, మూడు మాసములు కార్డులు రద్దు చేయడమైనది."



"వధింప అంటే ఏందప్పా?" అన్నాడు మామ.

"కొయ్యడం అన్నా. నా మేకను నువ్వు కోస్తాండావంట."

మా మామ మెడలో లింగకాయ కట్టుకొన్న మనిషి. నీసు వాసన తగిలితే ముక్కు మూసుకొని పక్క సందులో పోయేవాడు. ఒక్క మాట అడిగింటే చాలు, ఊర్లో ఎవరైనా చెప్పింటారు. అవ్వ అందరికంటే గట్టిగా నవ్వింది. "చూడ్రా అబ్బోడా, నేను ఆ మేకను తప్పు పట్టమంటే నువ్వు వదిలేస్తివి. ఇప్పుడు అదే నీ మీదికి వచ్చె."

మామ నవ్వలేదు. "సాయిబూ, ఆ మాట ఇంకొకసారి చదువు. నడుమ ఏందో ఉండాది."

"తగు విచారణ జరిపి."

"ఎవరిని విచారించినాడు?"

ఎవరికి తెలుసు? గుంతలో కుక్కకు కర్ర ఆడించినాడు, అది పలకలేదు. అదొక్కటే మా వీధిలో ఆయన జరిపిన విచారణ.

మామ తాలూకా కచేరీకి పోయినాడు. తోడు పోయిన నా మొగుడు మాట్లాడే మనిషి కాదు, అందుకని సొంతంగా ఏమీ కలపకుండా జరిగింది జరిగినట్ల నాకు చెప్పేవాడు. కచేరీలో గుమాస్తా అడిగినాడంట:

"ఏం కావాలయ్యా?"

"మమ్మల్ని అడక్కుండా శిక్ష వేసినారు సామీ. మా మాట కొంచెం వినాల."

"ఆర్డరు అయిపోయింది గదా. అయిపోయినాక ఇంకేం వినేది?"

"కాకముందు వినలేదు గదా సామీ."

"కాకముందు నీకు ఆర్డరే లేదు. ఆర్డరు లేనప్పుడు ఏం చెప్పుకొంటావు?"

మామ ఇంటికి వచ్చి ఈ మాటను అరుగు మీద కూర్చొని అటు తిప్పి ఇటు తిప్పి చూసుకున్నాడు. "ముందు చెప్పుకొనేదానికి తప్పు లేదు, తర్వాత చెప్పుకొనేదానికి పొద్దు లేదు. మరి నడుమ యాడుండాది?" అన్నాడు. మా అత్త లోపల్నించి "నడుమ మనం ఉండాం, ఆకలికి," అనింది.

రెండోసారి పోయినప్పుడు అర్జీ పెట్టుకోమన్నారు. అర్జీలో కార్డు నెంబరు వెయ్యాలంట. కార్డు పట్టుకొని పోయినారు కాబట్టి నెంబరు లేదు. నెంబరు లేకుంటే అర్జీ తీసుకోరు. నూలు అంగడి పద్దులో నెంబరు వెతికించి ఆ ముడి విప్పుకొని, కచేరీ వసారాలో అర్జీలు రాసే అయ్యవారి ముందు కూర్చుంటే ఆయన అడక్కుండానే రాయడం మొదలుపెట్టినాడు. రాసింది చదవమన్నాడు మామ.

"మహారాజశ్రీ దొరవారి దివ్య పాదములకు, దీనుడు తెలియక చేసిన తప్పును మన్నించి..."

"ఆగు సామీ. నేను తప్పు చేసినానని నీకు ఎవరు చెప్పినారు?"

"ఎవరూ చెప్పలేదయ్యా. అర్జీ అంటే అట్లనే మొదలవుతుంది."

"తప్పు చెయ్యనోనికి అర్జీ ఎట్ల మొదలవుతుంది?"

అయ్యవారు కలం కింద పెట్టి మామను కిందా మీదా చూసినాడంట. "తప్పు చెయ్యనోడు ఈడికి ఎందుకొస్తాడు?" అన్నాడంట చివరికి. ఆయన తప్పు లేదు పాపం. ఆ వసారాలో కూర్చొన్నన్నాళ్ళూ ఆయన చేతికి ఇంకొక రకం మొదలు అలవాటు కాలేదు. మామ ఆ కాగితం తీసుకోలేదు. తానే నోటితో చెప్తానని లేచి వచ్చినాడు. నోటితో చెప్పేది వినే కిటికీ ఆ కచేరీలో లేదు.

ఇంతలో ఊరి కరణం ఒక కాగితం పట్టుకొని వీధికి వచ్చినాడు. "మగ్గములు ఊరక పెట్టినది మా తప్పే, ఇకమీదట ఊరక పెట్టము, ఈ ఒక్కసారికి క్షమించవలెను" అని దాంట్లో రాసి ఉండె. దాని మీద వేలిముద్ర వేసినోళ్ళకు కార్డు వెంటనే వాపసు. చీకటి పడేలోగా వీధంతా వేళ్ళకు సిరా పూసుకొనింది. ఎవరినీ అనేదానికి లేదు. కుండలో గంజి లేకుంటే ఎవరైనా ఏం చేస్తారు? మిగిలింది మా మామ ఒక్కడే.

సాయిబు వచ్చి బతిమాలినాడు. "వెయ్యన్నా వేలు. వేలేమన్నా అరిగిపోతాదా? అందరూ వేసినారు."

"వచ్చే నెల మళ్ళా అమావాస్య వస్తాది గదప్పా. ఆ దినం నువ్వు నేస్తావా? ఈ వీధి నేస్తాదా?"

"నెయ్యదు."

"అప్పుడు వాండ్లు ఈ కాగితం తీస్తారు. 'ఇది మీరే ఒప్పుకొన్యారు గదా' అంటారు. ఈసారి విచారించే పని కూడా ఉండదు వాండ్లకు. నేనే వాండ్లకు ఆ పని తప్పిస్తానా?"

మా అత్త ఊరుకుంటుందా? "ఊరంతా తెలివిలేనోళ్ళు, ఈయనొక్కడు తెలివైనోడు! అడిగించుకుంటాడంట, అడిగించుకుంటాడు. పెండ్లి చూపులప్పుడు మా నాయన నన్ను అడగలేదు, నేను బతకల్యా?"

"అదే చెప్తాండా. నిన్ను అడిగింటే నువ్వు ఒద్దనింటావు," అన్నాడు మామ. అత్తకు నవ్వు వచ్చింది గానీ చేతిలో ఉండే ముంత మాత్రం నేల మీద గట్టిగానే పెట్టింది.

మామ చెప్పిన ఇరకాటమే వచ్చింది. వచ్చే అమావాస్యకు కార్డు వాపసు తీసుకున్న వీధికి భయం పట్టుకొనింది. నేస్తే దేవునికి కోపం, నెయ్యకుంటే సర్కారుకు కోపం. మా వాళ్ళు ఏం చేసినారో చెప్తే మీరు నమ్మరు. గుంతలో కాలు పెట్టకుండా, బయట నిలబడి, వంగి, చేత్తో మగ్గం పలకను టకటకమని కొడతా ఉండిపోయినారు. దారం లేదు, నేత లేదు, చప్పుడు మాత్రం వీధంతా. జట్కా ఆ దినం రానే లేదు, అయినా పొద్దున్నుంచి మాపటిదాకా ఉత్త చప్పుడు. చేతులు నొచ్చి, తలలు నొచ్చి, మొక్కు మొక్కినట్లూ లేదు, పని చేసినట్లూ లేదు. ఆ దినం పంచాయితీ కూడా లేదు, ఒకరి మాట ఇంకొకరికి వినపడితే గదా. సర్కారు మా వీధికి చేసిన మేలు అది.

మా ఇంట్లో మాత్రం చప్పుడు లేదు. అమావాస్యకూ లేదు, మిగతా దినాలకూ లేదు. నూలు లేదు. మామ పొద్దన్నే లేచి అలవాటు కొద్దీ గుంతలో దిగి కూర్చొని, కొంచెంసేపు ఖాళీ మగ్గాన్ని చూసి లేచేవాడు. నా మొగుడు నాపరాళ్ళ గనికి పోయినాడు. నేతగాని చెయ్యి తెగిన దారాన్ని చీకట్లో కూడా వెతికి ముడి వేస్తుంది. ఆ చేతికి సమ్మెట ఇచ్చినారు. మాపటేళ కూడు తినేటప్పుడు వేళ్ళు ముడుచుకోలేక ముద్ద జారిపోయేది.  మామ ఆ చేతులు చూసి పక్కకు తిరిగేవాడు. ఒకసారి నేనే అన్నా, కోపం పట్టలేక:

"మామా, నీ మాట సర్కారు వినేదానికి నీ కొడుకు చేతులు కావాల్నా?"

మామ వాకిట్లోకి చూసినాడు. "వాణ్ణి నన్ను అడగమనమ్మా, వేలు వెయ్యమని. వాడు అడిగితే వేస్తా," అన్నాడు.

నా మొగుడు వాకిట్లో కాళ్ళు కడుక్కుంటాండాడు. ఇదంతా వినపడింది. చెంబు బోర్లించి పెట్టి లోపలికి వచ్చి, "అడగను," అన్నాడు. ఆయన ఆ నెలలో మాట్లాడిన పెద్ద మాట అదే.

ఎండలు ముదిరినాక జమాబందీ వచ్చింది. అంటే ఏటేటా పెద్ద దొర తాలూకాకు వచ్చి, తోటలో డేరా వేసి, లెక్కలు చూసి అర్జీలు వినే పని. ఈ దొర తెల్లోడు కాదు, మనోడే. టోపీ మాత్రం తెల్లోడిది. మామ పోతానన్నాడు. నా మొగుడు గనిలో ఉండె, మామకు ఎండలో కండ్లు మసకలు కమ్ముతాయి, అందుకని నేను చెయ్యి పట్టుకొని పోయినా.

డేరా ముందు ఊళ్ళకు ఊళ్ళే కూర్చొని ఉండాయి. మా వంతు వచ్చేసరికి పొద్దు నడినెత్తికి వచ్చింది. లోపల మేజా వెనక దొర, పక్కన గుమాస్తా, ఇంకొక పక్క మడత కుర్చీలో మన నూలు ఇనస్పెక్టరు. మామను చూసి ఆయన గుర్తుపట్టలేదు. పట్టేదానికి ఆయన చూసింది మామ మొగం కాదు గదా, మేక మొగం.

గుమాస్తా చదివినాడు. "నూలు కార్డు రద్దు, మూడు నెలలు. గడువు తీరిపోయింది సార్. కార్డు వాపసు ఇచ్చేయొచ్చు. ఇంక విచారించేదేమీ లేదు."

"ఇంకేమయ్యా మరి! కార్డు వచ్చింది. తీసుకొని పో," అన్నాడు దొర.

మామ కదల్లేదు.

"ఏం, ఇంకేం కావాల?"

"కార్డు ఎట్లనూ వచ్చేదే సామీ. శిక్ష అయిపోయింది గదా. నన్ను ఎవరూ అడగలేదు. అడిగించుకుందామని వచ్చినా."

డేరా అంతా నవ్వింది. ఇనస్పెక్టరు కూడా నవ్వినాడు. దొరకు తమాషా అనిపించింది. కుర్చీలో వెనక్కి వాలినాడు.

"సరే, నేను అడుగుతున్నాను. ఆ దినం ఏం జరిగింది? చెప్పు."

 మూడు నెలలు దీనికోసమే గదా. ఒక్క మాట, "అమావాస్య సామీ, ఆ దినం మేము నెయ్యం" అంటే అయిపోయేది. నేను మామ చెయ్యి నొక్కినా. మామ నా చెయ్యి విడిపించుకొన్యాడు. పైగుడ్డ తీసి చంకలో పెట్టుకొన్యాడు. తూర్పుకు తిరిగి నిలబడినాడు. తూర్పు పక్క దొర లేడు, డేరా గుడ్డ ఉండాది. దొర పక్కకు వంగి ఆయన మొగం వెతుక్కోవాల్సి వచ్చింది.

మా వీధి పంచాయితీలో మాట చెప్పేదానికి ఒక పద్ధతి ఉండాది. మనిషి లేచి, పైగుడ్డ తీసి తూర్పుకు తిరిగి, ముందు దినం చెప్పాల, పొద్దు చెప్పాల. తర్వాత ఆ దినం ఆడ ఎవరెవరు ఉండారో ఒక్కరిని కూడా విడవకుండా చెప్పాల. వాళ్ళలో ఎవరికైనా ఆక్షేపణ ఉంటే అప్పుడే లేచి కాదంటారు. ఎవరూ కాదనకుంటేనే అసలు సంగతి. మామకు మాట చెప్పడం అంటే అదే. ఇంకొక రకంగా చెప్పడం ఆయనకు అబద్ధం చెప్పినట్లు.

"పుష్యమాసం, బహుళ అమావాస్య, శుక్రవారం, పొద్దు బారెడు ఎక్కినాక," అని మొదలుపెట్టినాడు మామ. ఉన్నోళ్ళను చెప్పుకుంటా పోయినాడు. ఇంటి వరసన, తండ్రి పేరుతో, వయసుతో.

"పేర్లన్నీ ఎందుకయ్యా? సంగతి చెప్పు," అన్నాడు దొర.

"సంగతి తర్వాత సామీ. ఉన్నోళ్ళు తెలీకుంటే సంగతికి సాక్షం యాడిది?"

దొర గడియారం చూసినాడు. మామ ఇంకొక ఇల్లు దాటినాడు. దొర బంట్రోతు వచ్చి వడ్డన అయ్యిందని చెవిలో చెప్పినాడు. మామ తన వరసలో ఫిర్యాదు చేసిన అవ్వను దాటి, "ముద్దాయి తరఫున రంగుల సాయిబు, ముద్దాయి మేక," అన్నాడు.

"మేకా?" అన్నాడు దొర. డేరా మళ్ళా నవ్వింది. దొర నవ్వుకుంటానే లేచినాడు. "రాసుకోండి. అర్జీదారు హాజరైనాడు, చెప్పుకొన్నది విన్నాము. ఫైలు మూసేయండి."

విన్నాము అని రాసుకున్నారు. ఇనస్పెక్టరు విచారించినట్ల, దొర విన్నాడు. కాగితం మీద అంతా సక్రమంగానే ఉండాది.

గుమాస్తా కార్డు నా చేతిలో పెట్టినాడు. మామ ఇంకా తూర్పుకు తిరిగే నిలబడి ఉండాడు. చెయ్యి పట్టుకొని బయటికి తీసుకొని వచ్చినా. దోవలో నాకు కోపం ఆగలేదు.

"ఎందుకు మామా ఆ వరసంతా? అమావాస్య అని ఒక్క మాట అనింటే సరిపోతుండె గదా!"

"ఒక్క మాటలో తేల్చేదానికి నేనేమన్నా ఇనస్పెక్టర్నా?" అన్నాడు మామ.

 మామ ఇంటికి వచ్చి, కార్డు గూట్లో పెట్టి, మర్నాడు కొడుకును గనికి పోనియ్యలేదు. నూలు వచ్చింది, మగ్గం ఆడింది. నా మొగుని వేళ్ళు మెత్తబడేదానికి శానా కాలం పట్టింది, అంతదాకా దారం తెగితే ముడి నేనే వేసేదాన్ని. వీధి వేసిన వేలిముద్రల కాగితం కచేరీలోనే ఉండిపోయింది, సర్కారు మారినాక కూడా. దాన్ని ఎవరూ తియ్యలేదు, ఎవరూ చింపలేదు. మామ మాత్రం డేరాలో తన మాట సగంలో ఆగిపోయిందని బతికినన్నాళ్ళూ అనేవాడు. పూర్తిగా చెప్పనిస్తే దొర ఒప్పుకొనింటాడని ఆయన నమ్మకం. నాకు ఆ నమ్మకం లేదు. ఆ దొర భోజనం ముందర ఏ మాటకూ ఒప్పుకునే మనిషి కాదు.

కానీ సగంలో ఆగిన మాట సగంలోనే ఉండడం నాకు కూడా బాగలేదు. అక్షరాలు వచ్చినాయి కాబట్టి ఆ వరస నేను ముగిస్తాండా. పేర్లు రాయను, వాళ్ళ పిల్లలు ఉండారు. ఎవరికైనా ఆక్షేపణ ఉంటే ఇప్పుడే లేచి చెప్పండి.

ఆ దినం, ఆ గంటకు, మా అరుగు కాడ ఉన్నోళ్ళు: పెద్దమనిషిగా మా మామ. ఆయన ఎడమ పక్క నా మొగుడు, ఎప్పటిమాదిరే నోరు మూసుకొని. ఫిర్యాదుకు పక్కింటి అవ్వ, చేతిలో తెగిన దారాలు పట్టుకొని. ముద్దాయి తరఫున రంగుల సాయిబు. ముద్దాయి మేక. మేకను పట్టుకున్నోళ్ళు ఇద్దరు, ఎదురింటి అన్నదమ్ములు, ఆ నెలంతా ఒకరితో ఒకరు మాట్లాడుకోనోళ్ళు. అరుగు కింద గోడకు ఆనుకొని, చుట్టపుచూపుగా కల్లూరు నుంచి వచ్చిన మా ఆడబిడ్డ మొగుడు. మూలింటి తాత, చెవులు వినపడకపోయినా ప్రతి పంచాయితీకీ వచ్చి అందరికంటే ముందు తల ఊపే మనిషి. ఆయన పక్కన ఆయన అల్లుడు. గడపలో మా అత్త, బయటికి రాకుండా, లోపలికి పోకుండా. పక్క ఇంటి గుంతలో కుక్క. సర్కారు తరఫున నూలు ఇనస్పెక్టరు, ఆయన గుమాస్తా, ఊరి తలారి. జట్కా తోలే మనిషి, వీధి మొగదల్లో, గుర్రానికి గడ్డి వేస్తా. వసారాలో మజ్జిగ చెంబు పట్టుకొని నేను.